మాయాబజార్‌లో ద్వారక కట్టిందెవరో తెలుసా?

మాయాబజార్‌లో కృష్ణుడెవరంటే ఒకటో తరగతి పిల్లోడు కూడా ఎన్టీ రామారావని చెప్తాడు. ఘటోత్కచుడు ఎస్వీ రంగారావు. శశిరేఖ సావిత్రి. కాస్త సినిమా పిచ్చి ఉన్నోళ్లయితే డైరెక్టర్ కేవీ రెడ్డి, కెమెరా మార్కస్ బార్‌ట్లీ, మాటలూ పాటలూ పింగళి నాగేంద్రరావు అని గడగడా అప్పజెప్తారు. మరి ఆ ద్వారకని కట్టిందెవరు తమ్ముళ్లూ, చెల్లెళ్లూ? ఇక్కడికొచ్చేసరికి అందరూ ఫోన్ తీసి ఎతుకుతారు.

మా. గోఖలే అండి. పూర్తి పేరు మాధవపెద్ది గోఖలే. పక్కన ఇంకొకాయన, కళాధర్. ఈ ఇద్దరూ కలిసి ఆ సినిమాకి కళా దర్శకులు. ఇవాళ ప్రొడక్షన్ డిజైనర్ అంటన్నారే, ఆ పనే. ద్వారక నగరం మొత్తం చూపించాలంటే 50 అడుగుల పొడుగు, 60 అడుగుల వెడల్పు చోటులో 300 బుల్లి ఇళ్లు పేర్చి, వాటికి లైట్లు పెట్టించేరు. మన లెక్కలో అది ఏడు సెంట్లకి కూడా తక్కువే. ఆ మధ్య ఊళ్లల్లో పేదోళ్లకి సెంటున్నర చొప్పున స్థలాలిచ్చేరు కదా, అలాంటివి నాలుగున్నర పడతాయంతే. ఆ చోటులోనే సముద్రం ఒడ్డున యాదవుల రాజధాని లేచి నిలబడింది. 1957 మార్చి 27న సినిమా రిలీజయ్యింది. అరవై ఏళ్లు దాటిపోయింది. ఇప్పటికీ టీవీలో ఆ ఊరు కనపడగానే చానల్ మార్చబుద్ధి కాదు.

గోఖలే అనగానే చాలామంది పాత కాంగ్రెస్ నాయకుడు, మహారాష్ట్ర ఆయన అనుకుంటారు. ఈయన మన తెలుగాయనే. 1917లో గుంటూరు జిల్లా బ్రాహ్మణ కోడూరులో పుట్టేరు. పొన్నూరు దగ్గర పల్లెటూరు. ఊరి పేరులోనే కులం ఉంది చూసేరా! అలాంటి ఊరి నించి వచ్చినాయన ఎవరి బతుకుల మీద కథలు రాసేడో కాసేపట్లో చెప్తాను. ఆ ఊరి మాధవపెద్ది వారిలోనే ఇంకొకరున్నారు, గాయకుడు మాధవపెద్ది సత్యం. మాయాబజార్‌లో ఘటోత్కచుడు పెళ్లి భోజనం లాగించేటప్పుడు మీరు వినే గొంతు ఆయనదే. అంటే వంటల ముందు పాట ఒక కోడూరాయనది, ఆ వంటశాల ఇంకో కోడూరాయనది అన్నమాట. ఒక చిన్న పల్లెటూరు తెలుగోళ్ల పండగ భోజనానికి ఇంత వడ్డించింది.

గోఖలే గారు బొమ్మలేయడం నేర్చుకున్నది మద్రాసు స్కూల్ ఆఫ్ ఆర్ట్స్‌లో. అప్పుడు అక్కడ పెద్ద దేవీప్రసాద్ రాయ్ చౌదరి, బెంగాలీ శిల్పి. మీలో ఎవరైనా చెన్నై మెరీనా బీచికి ఎల్లి ఉంటే ఆయన చేసిన విగ్రహం ముందు సెల్ఫీ దిగే ఉంటారు. నలుగురు కూలీలు పెద్ద బండరాయిని కదపడానికి ఒళ్లంతా వంచి తోస్తా ఉంటారు, అదే, శ్రామిక విజయం. ఆ బీచి రోడ్డులో కూలోళ్ల కండలు పోతపోసి నిలబెట్టిన మనిషి దగ్గర మన గోఖలే చదువుకున్నారు. విగ్రహం పెట్టింది 1959లో, ఈయన చదువైపోయిన చాలా ఏళ్లకి. అయినా గురువు చూపు శిష్యుడికి ముందే అంటిందని నా నమ్మకం. ఎందుకంటే చదువు ముగిసేక ఈయన చేరింది ప్రజాశక్తిలో.

1940ల్లో బెజవాడ నించి కమ్యూనిస్టు పార్టీ నడిపిన పత్రిక ప్రజాశక్తి. అందులో గోఖలే బొమ్మలేసేరు. యుద్ధం రోజులు, కరువు రోజులు, బియ్యం కోసం క్యూలు కట్టే రోజులు. ఊళ్లల్లో చదవడం వచ్చినోళ్లు తక్కువ. పేపరు ఒకడు చదివితే పదిమంది చుట్టూ కూచుని వినేవోళ్లు. అలాంటి చోట బొమ్మ ఏం చేస్తదో నాకు కొంచెం తెలుసు. నేను ఇరవై ఏళ్ల వయసులో ఈ మండపేట చుట్టుపక్కల గోడల మీద సున్నం కొట్టి, నీలిమందు కలిపి నినాదాలు రాసినోణ్ణి. అక్షరం ఎంత గుండ్రంగా రాసినా జనం ఆగేవోరు కాదు. పక్కన పిడికిలి బొమ్మో, కొడవలి పట్టుకున్న ఆడమనిషి బొమ్మో వేస్తే సైకిలు దిగి చూసేవోరు. బొమ్మ చదువు అడగదు. గోఖలే గారు మొదట పనిచేసింది అలాంటి జనం కోసమే, చదువు రానోడికి కూడా చెప్పాల్సిన సంగతి చేరేలాగా.

ఆయన కథలు కూడా రాసేరు. మా. గోఖలే అన్న పేరుతోనే అచ్చయ్యేయి. పల్లె మనుషులు, కష్టం చేసుకునేవోళ్లు, వాళ్ల నోట్లో మాట వాళ్ల యాసలోనే. బల్లకట్టు పాపయ్య అన్న ఆయన కథ పేరు చూడండి. బల్లకట్టంటే మన సఖినేటిపల్లి రేవులో పంటు లాంటిదే, మనుషుల్నీ బళ్లనీ ఏరు దాటించేది. మనం ఇవాళ మాండలికంలో పేజీ నడుపుతున్నామని గొప్పగా చెప్పుకుంటన్నాం. అలా రాసినోళ్లు మనకంటే డెబ్బై, ఎనభై ఏళ్ల ముందే ఉన్నారు. సినిమా వాళ్ల గురించి రాసే పుస్తకాల్లో ఈయన కథల సంగతి ఉండదు, కథల గురించి రాసే పుస్తకాల్లో సినిమా సంగతి ఒక్క లైను. మనిషిని రెండు ముక్కలు చేసేసేరు.

1940ల చివర్లో మద్రాసు రాష్ట్రంలో కమ్యూనిస్టు పార్టీని నిషేధించేరు. ప్రజాశక్తి ఆగిపోయింది. పార్టీ వాళ్లు కొందరు జైల్లో, కొందరు అజ్ఞాతంలో. ఆ కాలంలోనే ఎర్రజెండా కింద ఆడి పాడి బొమ్మలేసిన చాలామంది ఒక్కొక్కరుగా మద్రాసు సినిమాకి చేరేరు. ప్రజానాట్యమండలిని నడిపిన డాక్టర్ గరికపాటి రాజారావు, మిక్కిలినేని, మన గోదావరి అవతల పాలకొల్లు నించి అల్లు రామలింగయ్య, ఇలా పెద్ద వరసే ఉంది. దాన్ని వలస అనండి, తలదాచుకోవడం అనండి. తెలుగు సినిమాలో 1950ల్లో కనపడే ఆ నేలవాసన ఊరికే రాలేదు.

గోఖలే గారు చేరిన చోటు నాగిరెడ్డి, చక్రపాణి గార్ల విజయా సంస్థ. చక్రపాణి గారిది తెనాలి. వడపళనిలో వాహినీ స్టూడియో. అక్కడ గోఖలే, కళాధర్ జంటగా కుదిరేరు. పాతాళభైరవి, పెళ్లి చేసి చూడు, చంద్రహారం, మిస్సమ్మ, మాయాబజార్, అప్పు చేసి పప్పు కూడు, జగదేకవీరుని కథ, గుండమ్మ కథ. ఒక్కసారి ఈ వరస పైకి చదవండి. మన అమ్మమ్మలు, అమ్మలు, మనం, ముగ్గురం కలిసి కూచుని చూసే సినిమాలు ఏవున్నాయంటే ఇవే ఉన్నాయి. వీటన్నిట్లోనూ ఇల్లూ గోడా గుమ్మం ఈ ఇద్దరివే. వీటిలో సగానికి పైగా తమిళంలో కూడా తీసేరు కాబట్టి అవతల వాళ్ల జ్ఞాపకాల్లో ఉన్న ఇళ్లు కూడా ఈయనవే.

ఈ పని ఏంటో తెలీనోళ్లకి చెప్పాలి. కథ చేతికొచ్చేక కళా దర్శకుడు ముందు బొమ్మ గీస్తాడు. ఈ ఇంట్లో ఎవరుంటారు, వాళ్లకి ఎంత డబ్బుంది, తలుపు ఎటు తెరుచుకుంటది, కెమెరా ఎక్కణ్ణించి చూస్తది. తర్వాత కొలతల ప్లాను. ఆ తర్వాత వడ్రంగులు కర్ర చట్రాలు కొడతారు, వాటికి ప్లైవుడ్డో గుడ్డో బిగిస్తారు. స్తంభాలకీ శిల్పాలకీ అచ్చులు తీసి ప్లాస్టర్ ఆఫ్ పారిస్ పోస్తారు. రంగు పనోళ్లొచ్చి కర్రని రాయి చేస్తారు, గుడ్డని గోడ చేస్తారు. నలుపు తెలుపు సినిమాకి ఇంకో తిరకాసు ఉంది. ఎరుపూ ఆకుపచ్చా కంటికి ఎంత దూరమైనా ఫిల్ము మీద రెండూ ఒకే బూడిద రంగులో కలిసిపోగలవు. కాబట్టి రంగులు కంటికి కాదు, కెమెరాకి నచ్చేలా వెయ్యాలి. సెట్టులో నిలబడి చూస్తే ఎబ్బెట్టుగా ఉన్న గోడ తెర మీద మహరాజు గోడ అవ్వొచ్చు. ఇది చదివి నేర్చుకునేది కాదు. చెయ్యి పెట్టి, చెడగొట్టి, మళ్లీ పెట్టి నేర్చుకునేది.

షూటింగయ్యేక సెట్టుని కొట్టేస్తారు. కర్ర ఇంకో సెట్టుకి. ప్లాస్టర్ చెత్తకుప్పకి.

పాతాళభైరవి 1951 మార్చి 15న వచ్చింది. హీరో తోటరాముడు, తోటమాలి కొడుకు. మాలోడి గుడిసె నించి రాజకుమార్తె మేడ దాకా, అక్కణ్ణించి మాంత్రికుడి గుహలోకి, భైరవి విగ్రహం ముందుకి, చివరికి మంత్రంతో పుట్టుకొచ్చిన మేడలోకి కథ నడుస్తది. ఇప్పుడు మనం కంప్యూటర్లో చేసేదంతా అప్పుడు సుత్తి, ఉలి, కుంచెతో చేసేరు. ఆ గుహలో విగ్రహం ముందు మాంత్రికుడు ఎంత చిన్నగా కనిపిస్తాడో గమనించండి. భయం రంగారావు గారి కళ్లల్లో సగం ఉంటే, ఆ కొలతలో సగం ఉంది. 1952 జనవరిలో బొంబాయిలో మన దేశపు మొదటి అంతర్జాతీయ చిత్రోత్సవం పెట్టినప్పుడు దక్షిణాది నించి ఎల్లింది ఈ సినిమా.

కానీ నన్నడిగితే గోఖలే గారి గొప్ప గుహల్లో లేదు. గుండమ్మ ఇంట్లో ఉంది. 1962 సినిమా. గుండమ్మ కాస్త ఉన్న మనిషి. పెద్ద ఇల్లు, నట్టిల్లు, మేడ మెట్లు, పెరడు. సవతి కూతురు లక్ష్మి చేత పని మనిషి కంటే ఎక్కువ చాకిరీ చేయిస్తది. ఆ ఇంట్లో రుబ్బురోలు ఎక్కడుంది? వంటింటి వైపు, లక్ష్మి రోజంతా తిరిగే చోట. సరోజ పొద్దెక్కి లేచొచ్చే చోటు వేరు. ఒకే కప్పు కింద ఇద్దరు ఆడపిల్లల బతుకులు రెండుగా చీలి ఉన్నాయని డైలాగు లేకుండానే ఇల్లే చెప్తది. రామారావు గారు నౌకరు అంజి వేషంలో వచ్చి ఆ రోలు దగ్గర కూచుని పాట పాడతా రుబ్బుతాడు. హీరో రోలు దగ్గరికొచ్చేడంటే ఆయన ఏ పక్షమో చూసేవోడికి అర్థమైపోద్ది. ఎవరిల్లు ఎక్కడ మొదలై ఎక్కడ ఆగుద్దో, ఎవరు ఏ గుమ్మం దాటకూడదో ఊళ్లల్లో పుట్టినోడికి తెలిసినట్టు ఇంకెవరికీ తెలీదు. పల్లె మనుషుల కథలు రాసిన చెయ్యి కాబట్టే ఆ ఇల్లు అలా కుదిరిందని నేననుకుంటాను.

మిస్సమ్మలో కూడా అంతే. ఉద్యోగం కోసం మొగుడూ పెళ్లాల్లా నటించే ఇద్దరికి అప్పాపురంలో దొరికిన బస చూడండి. ఒకే ఇంట్లో ఉండాలి, ఒకచోట ఉండకూడదు. మధ్యలో గోడ ఉండాలి, గోడకి అటూ ఇటూ మాట వినపడాలి. ఆ సినిమాలో సగం నవ్వు వచ్చేది గదుల అమరిక వల్లే.

ఇంక మాయాబజార్. ఆ సినిమాకి లైటు పనోళ్లు, వడ్రంగులు, రంగు పనోళ్లు అంతా కలిపి 400 మంది స్టూడియో కార్మికులు పనిచేసేరు. నాలుగొందలంటే మన దగ్గర ఒక చిన్న పేట. కృష్ణుడి వేషం గురించి ఒక సంగతుంది. అంతకుముందు ఒక సినిమాలో రామారావు గారు కాసేపు కృష్ణుడిగా కనిపిస్తే జనం ఒప్పుకోలేదు, ఈలలేసేరు. అందుకే ఈసారి ఆయన వెనకాడేడు. కేవీ రెడ్డి పట్టుబట్టేడు. కిరీటం, నగలు, బట్ట, నిలబడే తీరు, అన్నిటి మీదా ప్రత్యేకంగా శ్రద్ధ పెట్టేరు. ఆ తర్వాత ఏమైందో తెలిసిందే. ఆంధ్రదేశంలో కృష్ణుడి క్యాలెండర్ బొమ్మ మారిపోయింది. కొన్ని ఇళ్లల్లో దేవుడి గూటిలో ఇప్పటికీ ఉన్నది ఆ సినిమా కృష్ణుడే. ఒక దేవుడి ముఖం ఎలా ఉండాలో ఒక స్టూడియోలో కూచుని తేల్చేరు. అందులో ఒకాయన ప్రజాశక్తిలో పనిచేసినాయన! నాకు ఇది తల్చుకుంటే నవ్వొస్తది, ముచ్చటగానూ ఉంటది.

మీరు ఫోన్లు పట్టుకుని పెరిగినోళ్లు కాబట్టి ప్రియదర్శిని పెట్టె సంగతి చెప్తాను. మూత తెరిస్తే, చూసేవోడి మనసులో ఎవరుంటే వాళ్లు కనిపించే పెట్టె. శశిరేఖ తెరుస్తది, అభిమన్యుడు కనిపిస్తాడు. ఇద్దరూ పాట కూడా పాడుకుంటారు. వీడియో కాల్ అని ఇప్పుడు మీమ్స్ చేస్తన్నారు కదా, దాన్ని 1957లో ఒక వడ్రంగి చెక్కతో చేసేడు. మన ఊళ్లల్లో టీవీ అన్న మాట కూడా వినని రోజుల్లో తెర ఉన్న పెట్టెని ఊహించి, అది రాచనగరిలో ఉండాల్సిన వస్తువులాగా నగిషీ పెట్టి ఇచ్చేరు. చివర్లో సత్యపీఠం కూడా అంతే. దాని మీద నిలబడితే శకుని లాంటోడు కూడా లోపలున్నది కక్కేస్తాడు. ఒక పీట! పీట మీద నిలబెట్టి కథ ముగించేరు. అలాంటి పీటలు ఇప్పుడు ఎన్ని కావాలో మీరే లెక్కేసుకోండి, అసెంబ్లీకి సరిపడా చేయించాలంటే కర్ర చాలదు.

గిల్పం, గింబళి మర్చిపోతామా? ఆడపెళ్లి వారింట్లో విడిది చేసిన శర్మ, శాస్త్రి గార్లని మంచమూ కంబళీ తిరగబడి ఆడిస్తాయి. ఆ ఇద్దర్లో ఒకరు అల్లు రామలింగయ్య గారు. ఎర్రజెండా నాటకాల నించి వచ్చిన నటుణ్ణి, ఎర్ర పత్రిక నించి వచ్చినాయన జట్టు చేసిన మంచం కింద పడేసింది. గొప్పోళ్లకి తాళం వేసే పండితులకి వాళ్లింటి సామానే ఎదురుతిరగడంలో రాజకీయం ఉందని నేననను. పింగళి గారు వింటే నవ్వుతారు. కానీ చిన్నప్పుడు మేం నేల టికెట్టులో కూచుని ఎక్కువ కేకలేసింది అక్కడే.

ఇక్కడ ఒక ప్రశ్న ఉంది, దాటెయ్యకూడదు. పేదోళ్ల పత్రికలో బొమ్మలేసిన మనిషి పోయిపోయి రాజుల మేడలు కట్టేడేంటి? మా తిరుగుడు వాళ్లలో ఈ మాట అనే వాళ్లున్నారు. అమ్ముడుపోయేడు అన్న మాట మనకి చాలా తేలిగ్గా వస్తది. నేను ఒప్పుకోను. పత్రిక మూతపడిన ఆర్టిస్టు బియ్యం ఎక్కణ్ణించి తెచ్చుకోవాలి? పైగా తోటమాలి కొడుకు కథానాయకుడైన సినిమాకీ, నిరుద్యోగుల సినిమాకీ, సవతి కూతురి చాకిరీ సినిమాకీ ఇళ్లు కట్టడం తప్పుడు పనేం కాదు. అయితే పూర్తిగా కొట్టిపారెయ్యను కూడా. ఆ చెయ్యి ఆ తర్వాత కూడా అదే ఊపుతో కథలు రాస్తా, జనం బొమ్మలేస్తా ఉంటే మనకి ఇంకా ఏం మిగిలేదో అనిపిస్తది. స్టూడియో జీతం ఇచ్చింది, దానికి బదులుగా రోజుల్ని తీసుకుంది. ఇది గోఖలే గారి ఒక్కరి లెక్క కాదు, కళ మీద బతికే ప్రతివాడి లెక్క.

ఇలాంటి కథ మన దగ్గరే జరిగిందనుకోవద్దు. స్పెయిన్ దేశంలో ఫ్రాంకో నియంతగా ఉన్న కాలంలో, 1965లో వచ్చిన డాక్టర్ జివాగో అన్న ఇంగ్లీషు సినిమాకి మాస్కో వీధి కావాల్సొచ్చింది. సోవియట్ దేశం ఎల్లి తీసే వీల్లేదు. మాడ్రిడ్ ఊరి చివర మాస్కో వీధిని కట్టేసేరు. డిజైనర్ జాన్ బాక్స్, ఆయనతో పనిచేసినోళ్లలో గిల్ పరోండో అనే స్పానిష్ కళా దర్శకుడు ఉన్నాడు. విప్లవం సీను రాత్రిపూట తీస్తా ఉంటే, జనం వేషం వేసినోళ్లు కార్మికుల అంతర్జాతీయ గీతం ఎత్తుకున్నారట. ఫ్రాంకో చచ్చిపోయేడేమో అని చుట్టుపక్కల వాళ్లు కిటికీలు తీసేరనీ, పోలీసులొచ్చేరనీ చెప్పుకుంటారు. సెట్టు అబద్ధం, పాట నిజం అయిపోయింది! ఆ పరోండో తర్వాత వరసగా రెండేళ్లు, 1970 సినిమా ప్యాటన్‌కీ, 1971 సినిమా నికోలస్ అండ్ అలెగ్జాండ్రాకీ ఆస్కార్ అందుకున్నాడు.

మరి మన వాళ్లకి? ఆస్కార్‌లో కళా దర్శకత్వానికి బహుమతి 1929లో, మొదటి ఏడాదే ఉంది. మన జాతీయ అవార్డుల్లో ఆ విభాగం పెట్టింది 1970ల చివర్లో. అంటే మాయాబజార్ వచ్చిన ఇరవై ఏళ్ల తర్వాత. ద్వారక కట్టిన ఏడాది, ద్వారక కట్టినోడికి ఇవ్వడానికి ఈ దేశంలో ఆ పేరుతో ఒక బహుమతే లేదు. గోఖలే గారు 1981లో పోయేరు.

ఇదంతా మీకెందుకు చెప్తన్నానంటే, మన మండపేట నించీ, ఆలమూరు, రామచంద్రపురం వైపు నించీ కుర్రాళ్లు హైదరాబాదు ఎల్లి సెట్టు పనుల్లో చేరతన్నారు. తాపీ పని వచ్చినోడు ఒకడు, రంగు పని వచ్చినోడు ఒకడు, ఫ్లెక్సీ డిజైన్ చేసేవోడు ఒకడు. రోజు కూలీ, కొన్నిసార్లు మేస్త్రీ దగ్గర సగం ఆగిపోద్ది. నా చుట్టం కుర్రాడొకడు ఓ సినిమా సెట్టులో పరంజా మీంచి పడి కాలు విరగ్గొట్టుకుని ఇంటికొచ్చేడు. యూనియన్ కార్డు లేదన్నారు, కాబట్టి వైద్యం ఖర్చు లేదన్నారు. సినిమా వంద రోజుల పోస్టర్లు వేసుకుంది. ఆ పల్లెటూరి సెట్టు ఎంత సహజంగా ఉందో అని మీరే స్టేటస్‌లు పెట్టేరు. సహజంగా ఎందుకుండదు? కట్టింది పల్లెటూరోళ్లు.

రంగస్థలం సినిమాలో గోదావరి పల్లెటూరు చూసి మన ఊరే అనుకున్నాం కదా. ఊరిలో చాలా భాగం హైదరాబాదులో వేసిన సెట్టు. కట్టించిన రామకృష్ణ, మోనిక అనే ఇద్దరు కళా దర్శకుల పేర్లు మనలో ఎంతమందికి తెలుసు? 1957లో గోఖలే, కళాధర్ పేర్లు ఎంతమందికి తెలుసో, ఇప్పుడూ అంతే. పై పేర్లే తెలీనప్పుడు కింద సుత్తి పట్టుకున్నోడి పేరు ఎవరడుగుతారు?

మనకి ఈ పని చేతకాదని మాత్రం ఎవరన్నా అంటే నమ్మకండి. కనుమ నాడు జగ్గన్నతోట తీర్థానికి చుట్టుపక్కల ఊళ్ల నించి ప్రభలొస్తాయి. వెదుళ్లు వంచి, తాళ్లు బిగించి, రంగు గుడ్డలు చుట్టి, అంత ఎత్తున కట్టి, చేలకడ్డంగా, కాలవలో దిగి, భుజాల మీద మోసుకొస్తారు. ఒరిగిపోకుండా లెక్క చూసుకునేది ఎవరు? ఇంజనీరు కాదు. ఏటా కట్టే చేతులే. అది సెట్టు కాకపోతే ఇంకేంటి? రాజమండ్రిలో 1936లోనే నిడమర్తి సూరయ్య గారు దుర్గా సినీటోన్ స్టూడియో కట్టేరు. మన పక్క భీమవరంలో పుట్టిన అడివి బాపిరాజు గారు, నారాయణరావు నవల రాసినాయన, 1930ల్లోనే సినిమాలకి కళా దర్శకత్వం చేసేరు. అంటే మద్రాసు, హైదరాబాదు కంటే ఈ గోదావరి గట్టుకి ఈ పని మరీ దూరమేం కాదు.

చేరాలనుకునే కుర్రాళ్లకి ఒక్క మాట. ముందు గీయడం నేర్చుకోండి, పెన్సిలుతో. మీ అమ్మమ్మ గారి పెంకుటిల్లు కొలిచి కాయితం మీద పెట్టండి. అరుగు ఎత్తెంత, గుమ్మం ఎత్తెంత, ధాన్యం గాదె ఎక్కడ, పాలేరు అన్నం తినే చోటెక్కడ. పది ఇళ్లు కొలిచేసరికి మీకు తెలిసిపోద్ది, ఏ ఇల్లు ఎవరి కోసం కట్టేరో. ఆ ఇళ్లు కూలిపోతన్నాయి, బేగా కొలవండి. కార్డు లేకుండా పరంజా ఎక్కకండి.

వడపళనిలో వాహినీ స్టూడియో ఉన్న జాగాలో ఇప్పుడు పెద్ద మాల్ ఉంది. ద్వారక ఎక్కడ పరిచేరో చెప్పే గుర్తు లేదు. 2010 జనవరి 30న మాయాబజార్‌కి రంగులద్ది మళ్లీ రిలీజ్ చేసేరు. హైదరాబాదు కంపెనీ ఒకటి కంప్యూటర్లో ఫ్రేము ఫ్రేముకీ రంగు వేసింది. మంచి పనే చేసేరు, థియేటర్లో జనం బాగా చూసేరు. నేనూ చూసేను. కానీ ఆ స్తంభాలకి వేసిన రంగు, ఆ తెరల రంగు, సెట్టులో నిజంగా ఏ రంగులో ఉండేవి? ఫిల్ములో ఉన్నది బూడిద రంగొక్కటే. అసలు రంగు రంగు పనోడి డబ్బాలోనూ, గోఖలే గారి బుర్రలోనూ ఉంది. అప్పటికి ఆయన పోయి 29 ఏళ్లు.